ఉప ఎన్నికకూ ఒక అదును ఉంటుంది

(2025 ఆగస్టు చివరి వారంలో హైదరాబాద్ మూసారాంబాగ్‌లో జరిగిన సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం. ఊర్లో భూమి ఉండి పట్నంలో బతుకుతున్న నల్లగొండ, యాదాద్రి జిల్లాల రైతు కుటుంబాలను మన సంఘం ఈ సమావేశానికి పిలిచింది.)



రైతు సంఘం మీటింగు ఊర్లో పెట్టక పట్నంలో ఎందుకు పెట్టారని పొద్దున ఇద్దరు ముగ్గురు అడిగారు. సరైన ప్రశ్నే. జవాబు ఏమిటంటే, మన ఊర్ల ఓటర్ల జాబితా తీసి చూస్తే అందులో చాలా పేర్లు ఇక్కడే ఉన్నాయి. భూమి అక్కడ, బతుకు ఇక్కడ. మన బత్తాయి బండ్లు ఏళ్ల తరబడి దిగింది ఈ పక్కనున్న గడ్డిఅన్నారం మార్కెట్లోనే. ఆ మార్కెట్టు ఇప్పుడు బాటసింగారానికి పోయింది గాని మనోళ్లు మాత్రం ఇక్కడే ఉండిపోయారు. ఈ మూసారాంబాగ్ వంతెన కింద పారే మూసీ నీళ్లు కూడా కిందికి మన జిల్లాకే వస్తాయి. 2022లో మునుగోడు ఉప ఎన్నిక వచ్చినప్పుడు పార్టీలు మిమ్మల్ని వెతుక్కుంటూ ఈ కాలనీలకే వచ్చాయి. ఆత్మీయ సమ్మేళనాలు పెట్టాయి, భోజనాలు పెట్టాయి, పోలింగు రోజు బండ్లు పెట్టాయి. పార్టీలకు తెలిసిన దారి రైతు సంఘానికి తెలియకపోతే ఎట్లా? అందుకే వచ్చాం.

ఇవాళ ఈ సంగతి ఎందుకు ఎత్తుతున్నానో కూడా చెప్తాను. జూలై 31న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. బీఆర్ఎస్ గుర్తు మీద గెలిచి పార్టీ మారారన్న ఫిర్యాదు ఉన్న పది మంది ఎమ్మెల్యేల సంగతి మూడు నెలల్లో తేల్చమని స్పీకర్‌కు చెప్పింది. ఆ పదిలో కొన్ని పట్నం సీట్లు. కానీ గద్వాల, జగిత్యాల, బాన్సువాడ, స్టేషన్ ఘన్‌పూర్, చేవెళ్ల, భద్రాచలం ఉన్నాయి. అవి ఎవుసం మీద బతికే సీట్లు. రేపు అవి ఖాళీ అవుతాయో లేదో నేను జ్యోతిషం చెప్పను. కానీ అయితే అక్కడి రైతు ఏం చేయాలన్నది ఇప్పుడే మాట్లాడుకోవాలి. ఉప ఎన్నిక అంటే ఏమిటో ఒళ్లంతా తెలిసినవాళ్లం మనం. మన అనుభవం వాళ్లకు అందాలి.

ముందు మునుగోడు లెక్క తేదీల వారీగా చూద్దాం. 2018లో కాంగ్రెస్ తరఫున కోమటిరెడ్డి రాజగోపాల్ రెడ్డి గారు గెలిచారు. 2022 ఆగస్టు మొదట్లో రాజీనామా ప్రకటించారు. ఆగస్టు 8న స్పీకర్ ఆమోదించారు. 20న ముఖ్యమంత్రి కేసీఆర్ మునుగోడులో సభ పెట్టారు. మరుసటి రోజు 21న కేంద్ర హోంమంత్రి అమిత్ షా అదే మునుగోడులో సభ పెట్టారు, రాజగోపాల్ రెడ్డి గారు బీజేపీలో చేరారు. అక్టోబర్ 3న ఎన్నికల సంఘం షెడ్యూలు ప్రకటించింది. నవంబర్ 3న పోలింగు, 6న లెక్కింపు. 47 మంది పోటీ చేశారు. 2 లక్షల 41 వేల పైచిలుకు ఓటర్లలో 93 శాతం మంది ఓటు వేశారు. టీఆర్ఎస్ అభ్యర్థి కూసుకుంట్ల ప్రభాకర్ రెడ్డి గారు 10,309 ఓట్ల తేడాతో గెలిచారు.

పదమూడు నెలలు తిరగకముందే, 2023 నవంబర్ 30న, మళ్లీ ఎన్నిక వచ్చింది. రాజగోపాల్ రెడ్డి గారు కాంగ్రెస్‌లోకి తిరిగి వచ్చి 40 వేల పైచిలుకు తేడాతో గెలిచారు. అంటే అయిదేళ్లలో మూడుసార్లు ఓటు వేశాం. మూడుసార్లూ ప్రధానంగా పోటీ పడింది ఆ ఇద్దరే. మారింది జెండాలు. నేను ఎవరినీ తిట్టడానికి ఇది చెప్పడం లేదు. అడిగేది ఒక్కటే. ఆ మూడు ఓట్ల మధ్య మర్రిగూడ మండలం చర్లగూడెం కట్ట కింద ఎన్ని ఎకరాలు తడిశాయి?

చర్లగూడెం సంగతి ఇక్కడున్న పిల్లలకు తెలియకపోవచ్చు. 2015 జూన్ 12న శివన్నగూడెం కాడ డిండి ఎత్తిపోతలకు శంకుస్థాపన జరిగింది. రోజుకు అర టీఎంసీ చొప్పున అరవై రోజులు, మొత్తం 30 టీఎంసీలు ఎత్తి దేవరకొండ, మునుగోడు మెట్ట భూములకు ఇస్తామన్నారు. దాదాపు 12 టీఎంసీల రిజర్వాయరు మన మర్రిగూడలో, ఇంకొకటి నాంపల్లి మండలం కిష్టరాయన్‌పల్లిలో. భూములు తీసుకున్నారు. కట్టలు లేచాయి. భూమి ఇచ్చినవాళ్లు పరిహారం కోసం, పునరావాసం కోసం టెంట్లు వేసుకుని కూర్చున్నారు. ఇంతకీ ఆ రిజర్వాయర్లలోకి నీళ్లు ఎక్కడి నుంచి రావాలన్నది మాత్రం ఏళ్ల తరబడి తేలలేదు. ఏదుల రిజర్వాయర్ నుంచి డిండికి నీళ్లు తెచ్చే పనికి రాష్ట్ర మంత్రివర్గం ఆమోదం ఇచ్చింది 2025 జనవరిలో. శంకుస్థాపన అయిన పదో ఏడు. ముందు కుండ చేసి, పదేళ్లకు బావి ఎక్కడుందో చూసుకున్నట్టు.

మరి దేశమంతా మునుగోడు వైపు చూసిన ఆ మూడు నెలల్లో, మంత్రులంతా మన ఊర్లలోనే మకాం వేసిన ఆ మూడు నెలల్లో ఈ ప్రశ్న ఎందుకు తేలలేదు? ఇదే నేను ఇవాళ మీ ముందు పెట్టదలచుకున్న సంగతి.

మనం విత్తనం వేసేటప్పుడు అదును చూస్తాం, పదును చూస్తాం. మృగశిర దాటి, ఆరుద్ర దాటి, పుష్యమిలో పత్తి గింజ పెడితే మొలక రాదని కాదు, వస్తుంది. కాయ మాత్రం పట్టదు. ఉప ఎన్నికకు కూడా అట్లాంటి అదును ఉంటుంది. సీటు ఖాళీ అయిన రోజు నుంచి షెడ్యూలు ప్రకటించే రోజు దాకా ఉన్న రోజులే ఆ అదును. షెడ్యూలు వచ్చిన క్షణం నుంచి ఎన్నికల కోడ్ అమలవుతుంది. కొత్త మంజూరు ఇవ్వరాదు, కొత్త పథకం ప్రకటించరాదు. ఆ తర్వాత నాయకుడు మైకులో ఏం చెప్పినా అది ఒట్టి మాట. కోడ్‌కు ముందు వచ్చేది జీవో. కోడ్ తర్వాత వచ్చేది కవరు.

ఇది నా ఊహ కాదు, తేదీలు చూడండి. నాగార్జునసాగర్‌లో నోముల నర్సింహయ్య గారు 2020 డిసెంబర్ 1న చనిపోయారు. 2021 ఫిబ్రవరి 10న ముఖ్యమంత్రి హాలియాకు వచ్చి జిల్లాకు ఎత్తిపోతల పథకాలు ప్రకటించారు. షెడ్యూలు వచ్చింది మార్చిలో. హుజూరాబాద్ చూడండి. 2021 జూన్ 12న ఈటల రాజేందర్ గారు రాజీనామా చేశారు. ఆగస్టు 16న అదే నియోజకవర్గంలోని శాలపల్లిలో దళిత బంధు మొదలైంది. షెడ్యూలు వచ్చింది సెప్టెంబర్ చివర్లో. షెడ్యూలు వచ్చాక అక్టోబర్లో ఎన్నికల సంఘం దళిత బంధు అక్కడ పోలింగు అయ్యేదాకా ఆపమన్నది. మన మునుగోడు చూడండి. గట్టుప్పల్ జనం మండలం కావాలని ఏళ్ల తరబడి ధర్నాలు చేశారు. రాజీనామా మాటలు గుప్పుమంటున్న 2022 జూలైలో మండలం ప్రకటన వచ్చింది. ఇన్నేళ్ల పోరాటం లేకపోతే ఆ మండలం వచ్చేది కాదు. కానీ పండింది ఎప్పుడు? అదునులో.

మునుగోడులో ఆగస్టు 8 నుంచి అక్టోబర్ 3 దాకా లెక్కపెట్టండి. 56 రోజులు. ఆ 56 రోజులే మన పంట కాలం. ఆ రోజుల్లో ఊర్లల్లో ఏం నడిచింది? ఎవరు ఎటు పోతున్నారు, ఏ సర్పంచి ఏ కండువా కప్పుకున్నాడు, ఎవరికి ఎంత ముట్టింది, ఇదే ముచ్చట. చర్లగూడెం నిర్వాసితులు తమ గోడు తాము చెప్పుకున్నారు. బత్తాయి రైతు తన ధర తాను చెప్పుకున్నాడు. నేత కార్మికుడు తన జీఎస్టీ తాను చెప్పుకున్నాడు. నియోజకవర్గం అంతా కలిసి ఒక కాగితం మీద మూడు కోరికలు రాసి అన్ని పార్టీల ముందు పెట్టింది లేదు.

ఇప్పుడు అసలైన సంగతి. మన కోరికలు అన్నీ ఒక రకం కావు. మూడు రకాలు. వాటిని వేరు చేసుకోకపోతే ప్రతిసారీ పప్పులో కాలు వేస్తాం.

మొదటి రకం, ఒక్క సంతకంతో అయ్యేవి. మండలం, డిగ్రీ కాలేజీ, రోడ్డు మంజూరు, కరెంటు సబ్‌స్టేషన్, ఆగిపోయిన పరిహారం విడుదల. ఇవి అదునులో పట్టుబడితే దొరుకుతాయి. నిర్వాసితుల పరిహారం ఈ రకం కిందికే వస్తుందని గుర్తు పెట్టుకోండి. అందుకు కావలసింది కొత్త చట్టం కాదు, డబ్బు విడుదల.

రెండో రకం, ఏళ్లు పట్టేవి. డిండి నీళ్లు, కాలువలు, మార్కెట్ యార్డులు. వీటి మీద ఉప ఎన్నికలో మాట అడిగితే మాటే వస్తుంది. మాట అడగవద్దు. ఏ జీవో, ఎన్ని కోట్లు, ఏ బడ్జెట్ పద్దు కింద, ఏ నెలకు ఏ పని అన్నది అడగాలి. అంకె లేని హామీ గట్టు లేని మడి లాంటిది, పోసిన నీళ్లు పోసినట్టే పోతాయి.

మూడో రకం, మన ఎమ్మెల్యే చేతిలో లేనివి. మొన్న ఆగస్టు 19 నుంచి కేంద్రం విదేశీ పత్తి మీద 11 శాతం దిగుమతి సుంకం ఎత్తేసింది. మన పత్తి చేతికి రాబోయే ముందు. ఏ ఉప ఎన్నికా దాన్ని ఆపదు. 2022లో కూడా ఇదే జరిగింది. రాజగోపాల్ రెడ్డి గారి రాజీనామా ఆమోదించిన ఆగస్టు 8నే లోక్‌సభలో విద్యుత్ సవరణ బిల్లు పెట్టారు. దేశంలోని రైతు సంఘాలు అప్పటికే దాని మీద అభ్యంతరం చెప్తున్నాయి. ఆ మూడు నెలలూ మునుగోడులో మోటార్లకు మీటర్లు పెడతారని ఒకరు, అదంతా అబద్ధమని ఒకరు. ఓట్లు పడ్డాయి, జనం మరిచిపోయారు. ఆ బిల్లు మాత్రం స్థాయీ సంఘానికి పోయి కూర్చుంది. అది నిలిచేదా కూలేదా అన్నది చండూరు చౌరస్తాలో తేలేది కాదు. ఇట్లాంటి వాటికి సంఘం కావాలి, దేశమంతా కలిసి నడిచే ఉద్యమం కావాలి. ఉప ఎన్నిక సభలో వినిపించేది ఎక్కువగా ఈ మూడో రకం సంగతులే. ఎందుకంటే వాటి మీద మాట్లాడితే ఎవరికీ ఖర్చు లేదు.

ఇక పైసల సంగతి. మాట్లాడకుండా పోతే మీరే నన్ను నవ్వుతారు. అసెంబ్లీ అభ్యర్థి ఖర్చు పెట్టవలసిన గరిష్ఠ పరిమితి 40 లక్షలు. 2 లక్షల 41 వేల ఓటర్లకు పంచి చూడండి. ఓటరుకు పదిహేడు రూపాయలు కూడా పడదు. రెండు చాయలకు సరిపోదు. మరి మునుగోడులో ఆ రెండు నెలలు తిన్నదెంత, తాగిందెంత, తిరిగిన కార్లెన్ని మీరు కళ్లారా చూశారు. తులం బంగారం ముచ్చట పేపర్లకెక్కింది. ఇస్తామన్నది ఇవ్వలేదని పోలింగుకు ముందు కొన్ని ఊర్ల జనం రోడ్డెక్కిన వార్తలూ వచ్చాయి. ఓటుకు డబ్బు ఇవ్వడం, తీసుకోవడం రెండూ చట్టం ప్రకారం నేరమే. కానీ నేను నేరం సంగతి పక్కన పెట్టి నష్టం సంగతి చెప్తాను.

ఓటుకు ఐదు వేలు వచ్చిందనే అనుకుందాం. అయిదేళ్లకు అంటే రోజుకు మూడు రూపాయలు కూడా కాదు. ఈ ఏడు పొడుగు పింజ పత్తికి మద్దతు ధర క్వింటాలుకు 8,110 రూపాయలు. పాసుబుక్కు లేని కౌలు రైతు సీసీఐ కేంద్రం దాకా పోలేక ఊర్లో దళారికి క్వింటాలుకు ఐదు వందలు తగ్గించి ఇచ్చాడనుకోండి. పది క్వింటాళ్లకు ఆ ఐదు వేలు ఒక్క పూటలో పోయినయ్. పైసలు తీసుకున్నాక ఇంకొకటి ఉంటుంది. రేపు యూరియా బస్తా కోసం పొద్దున నాలుగింటికి సొసైటీ ముందు చెప్పులు లైన్లో పెట్టి నిలబడ్డప్పుడు, ఈ నెలంతా రాష్ట్రమంతటా నిలబడుతూనే ఉన్నాం కదా, అప్పుడు ఎమ్మెల్యేను అడుగుదామంటే నోరు రాదు. నీ లెక్క అప్పుడే చెల్లింది కదా అని ఆయన అనకపోయినా మనకే అనిపిస్తుంది. కవరు అంటే బయానా కాదు, చెల్లుచీటీ.

అయితే పేదోడిని తప్పు పట్టి కూర్చునే మనిషిని కాను నేను. ఊర్లో ఒకడు ఒంటరిగా కవరు వద్దంటే ఆ కవరు పక్కింటికి పోతుంది, వాడు వెర్రివాడవుతాడు. ఒంటరిగా కాదనలేం. కలిసి అయితే అనగలం. దానికి మన జిల్లాలోనే చరిత్ర ఉంది.

1996లో నల్లగొండ లోక్‌సభ ఎన్నికకు 480 మంది పోటీ చేశారు. ఫ్లోరైడ్ నీళ్లు తాగి ఎముకలు వంగిపోయిన ఊర్ల గోడు దేశానికి వినిపించాలని జలసాధన సమితి పిలుపుతో మామూలు జనం నామినేషన్లు వేశారు. బ్యాలెట్ కాగితం పుస్తకమంత అయింది. ఎన్నికే వాయిదా పడింది. వాళ్లలో ఎవరూ గెలవలేదు, గెలవాలని వేయలేదు. కానీ ఆ తర్వాత నల్లగొండ ఫ్లోరైడ్ అంటే తెలియదని చెప్పే ధైర్యం ఏ ప్రభుత్వానికీ లేకపోయింది. 2015లో ఇంటింటి మంచినీళ్ల పథకం పైలాన్ చౌటుప్పల్‌లోనే ఎందుకు లేచిందో ఆలోచించండి.

2019లో నిజామాబాద్ పసుపు, ఎర్రజొన్న రైతులు అదే దారి పట్టారు. మొత్తం 185 మంది అభ్యర్థులు, వాళ్లలో అత్యధికులు రైతులే. సిట్టింగ్ ఎంపీ ఓడిపోయారు. పసుపు బోర్డు ప్రకటన రావడానికి 2023 అక్టోబర్ దాకా, నిజామాబాద్‌లో బోర్డు మొదలవడానికి 2025 జనవరి దాకా పట్టింది. ఆలస్యమే. బోర్డు వచ్చినంత మాత్రాన ధర వచ్చినట్టు కాదు, ఆ పోరాటం వేరే ఉంది. కానీ ఒకే కోరిక మీద గట్టిగా నిలబడితే ఏ పార్టీ గెలిచినా ఆ కోరికను దాటి పోలేదు.

ఇంకొక అంకె చెప్తాను. 2020 దుబ్బాక ఉప ఎన్నిక 1,079 ఓట్ల తేడాతో తేలింది. అది ఒక మోస్తరు ఊరి ఓట్లు. ఒక మండలంలోని కౌలు రైతులు ఒక మాట మీద ఉంటే చాలు.

ఇక ఇక్కడున్న మీతో నేరుగా ఒక మాట. కోపం తెచ్చుకోవద్దు.

మీలో చాలామందికి ఊర్లో రెండెకరాలో ఐదెకరాలో పట్టా ఉంది. దాన్ని ఎవరో ఒకరు కౌలుకు చేస్తున్నారు. రైతు బంధు వచ్చినన్నాళ్లు మీ ఖాతాలోనే పడింది. ఇప్పుడు రైతు భరోసా ఎకరాకు ఏడాదికి 12 వేలు, అదీ మీ ఖాతాలోనే. 2022 మే నెలలో వరంగల్ డిక్లరేషన్‌లో కాంగ్రెస్ కౌలు రైతుకు కూడా 15 వేలు అన్నది. అధికారంలోకి వచ్చాక మొదలుపెట్టిన పథకంలో కౌలు రైతు పేరు లేదు. ప్రభుత్వాన్ని అడుగుతాం, తప్పకుండా అడుగుతాం. కానీ 2011లో వచ్చిన సాగుదారుల చట్టం ఇంకా పుస్తకంలో ఉంది. దాని కింద కౌలు రైతుకు రుణ అర్హత కార్డు రావాలి. అది రాకపోవడానికి అధికారుల నిర్లక్ష్యం ఒక కారణమైతే, ఎక్కడ భూమి పోతుందో అని పట్టాదారు భయపడటం ఇంకొక కారణం. ఆ కార్డుతో భూమి మీద హక్కు రాదు. అప్పు పుట్టడానికి, పంట నష్టం వస్తే పేరు రాయించుకోవడానికి, పండింది అమ్ముకోవడానికి ఉపయోగపడే కాగితం అది, అంతే.

పోలింగు రోజు మీరు ఊరికి బండ్లో పోతారు, ఓటు వేస్తారు, రాత్రికి ఎల్బీనగర్ చౌరస్తాలో దిగుతారు. ఆ ఓటు ఫలితం అయిదేళ్లు అనుభవించేది మీ చెలక దున్నే మనిషి. ఆయనను అడగకుండా ఆయన ఊరి ఎమ్మెల్యేను మీరు తేలుస్తున్నారు. చట్టప్రకారం మీ హక్కే కావచ్చు. కానీ న్యాయం ఉండాలి కదా. కనీసం ఓటు వేసే ముందు ఆయన కట్ట మీద కూర్చుని పావుగంట మాట్లాడండి. ఆయనకు కౌలు కాగితం రాసివ్వండి. ఇది చేయడానికి ఏ ప్రభుత్వమూ అడ్డం రాదు.

సంఘం తరఫున ఇవాళ నాలుగు పనులు మీ ముందు పెడుతున్నాం. సభ ఒప్పుకుంటే తీర్మానం చేద్దాం.

ఒకటి, ప్రతి ఊర్లో మూడు రకాల కోరికల పట్టిక ఇప్పుడే రాసి పెట్టుకోవాలి. సీటు ఖాళీ అయిన రోజు రాయడం మొదలుపెడితే ఆలస్యం అయినట్టే.

రెండు, ఎక్కడ సీటు ఖాళీ అయినా వారం లోపల ఆ నియోజకవర్గంలో రైతులు, కౌలుదారులు, కూలీలు, నిర్వాసితులు కలిసి ఒకే సభ పెట్టి మూడు కోరికలకు కుదించాలి. మూడుకు మించి వద్దు. ముప్పై అడిగితే ముప్పైకీ తల ఊపి పోతారు.

మూడు, షెడ్యూలు రాకముందే అన్ని పార్టీల నుంచి, అధికారంలో ఉన్నవాళ్ల నుంచి జీవో, మిగతావాళ్ల నుంచి సంతకం పెట్టిన కాగితం తీసుకోవాలి. ఆ కాగితాన్ని పంచాయతీ గోడకు అతికించాలి. గెలిచినవాళ్లను ప్రతి ఆరు నెలలకు ఆ గోడ దగ్గరికి పిలవాలి.

నాలుగు, పట్నంలో ఉన్న పట్టాదారులు వచ్చే యాసంగి లోపల తమ కౌలుదారుకు రాతపూర్వకంగా కాగితం ఇవ్వాలి. ఎవరు ఇచ్చారో సంఘం పుస్తకంలో రాసుకుందాం. బయట పుస్తకం పెట్టాం, పోయేటప్పుడు పేరు రాయించి పొండి.

మన సంఘం ఏ పార్టీకీ తోక కాదు, ఏ పార్టీకీ పగ కాదు. మీకు నచ్చిన గుర్తుకే వేయండి. గద్వాల రైతు అయినా, జగిత్యాల రైతు అయినా, రేపు తన సీటు ఖాళీ అయితే మునుగోడు నుంచి నేర్చుకోవలసింది ఒక్కటే. ఆ యాభై అరవై రోజులు తనవి. వాటిని పోగొట్టుకుంటే పోలింగు రోజు ఎంత పొడుగు లైన్లో నిలబడినా చేతికి వచ్చేది తప్ప చేనుకు వచ్చేది ఏమీ ఉండదు.

సెలవు. జై కిసాన్.